కీమ్యాను సంచి రివ్యూ: ఏది మోయాలి, ఏది మార్చాలి

పట్టాల మీద పనిచేసేవాళ్ల సామాను గురించి మాట్లాడితే బూట్లు ఎన్నాళ్లు ఆగాయి, టార్చి ఎంత దూరం పడింది అన్న దగ్గరే మాట ఆగిపోతుంది. అవీ చూడాల్సినవే. కానీ దానికన్నా ముందు ఏ వస్తువునైనా ఒకటే అడగాలి. ఇది ఒంటి మీద ఉంటే వెనక నుంచి వచ్చే బండి చెవిన పడుతుందా? పడ్డాక పక్కకు దిగేటప్పుడు కాళ్లకో చేతులకో అడ్డం వస్తుందా?

దక్షిణ మధ్య రైల్వే మెయిన్ లైన్లలో చాలా చోట్ల 2022 నుంచి బండ్లు 130 కిలోమీటర్ల వేగంతో పోతున్నాయి. అంటే సెకనుకు 36 మీటర్లు. అర కిలోమీటరు దూరాన కనబడిన ఇంజను 14 సెకన్లలో మీదికొస్తుంది. ఇప్పుడు చాలా చోట్ల పట్టాకు జాయింట్లు లేవు, పొడుగూతా వెల్డింగే. దాంతో దూరం నుంచి వినబడే ఆ పాత టకటక చప్పుడు పోయింది. డీజిలు ఇంజన్ల రొద కూడా తగ్గి కరెంటు ఇంజన్లొచ్చాయి. గాలి మన వైపు నుంచి బండి వైపు వీస్తుంటే దగ్గరికొచ్చేదాకా ఏమీ తెలియదు. కింద రాసినవన్నీ ఈ కొలతతోనే చూసినవి.

ముందు సంచి సంగతి. కీమ్యాను, అంటే పట్టాల బిగింపులు చూసే మనిషి, రోజూ తనకు అప్పగించిన లైను ముక్కను, అంటే బీటునంతా కాలినడకన చూడాలి. పోయేటప్పుడు ఒక పట్టా వెంట, వచ్చేటప్పుడు రెండో పట్టా వెంట. బీటు ఆరు కిలోమీటర్లనుకుంటే పన్నెండు నడక. కిలోమీటరుకు పట్టాల కింద అడ్డంగా వేసే 1660 సిమెంటు స్లీపర్లు, పట్టాను స్లీపరుకు బిగించే క్లిప్పులు ఒక్కోదానికి నాలుగు లెక్కన ఒక్క లైనుకే 39,840 క్లిప్పుల మీద కన్ను పడాలి. వీటితోపాటు వెల్డింగులు, పట్టాల అతుకుల దగ్గర ఫిష్‌ప్లేటు బోల్టులు, వంతెనల హుక్ బోల్టులు, కంకర జారిన చోట్లు. సంచిలో సుత్తి, స్పానరు, కొన్ని క్లిప్పులు, వాటి కింద పెట్టే లైనర్లు, డైరీ, జెండాలు, పట్టా మీద పెడితే బండి ఎక్కగానే పేలి లోకో పైలట్‌ను హెచ్చరించే డిటోనేటర్లు, సద్ది డబ్బా, నీళ్లు ఉంటాయి. క్లిప్పు ఒక్కోటి కిలోకు కాస్త అటూ ఇటూ తూగుతుంది కాబట్టి ఐదారు వేసుకున్నామంటే సంచి సగం బరువు అవే.

ఒంటిభుజం మీద వేలాడే క్యాన్వాసు సంచి చవక, ఎక్కడైనా కుట్టించుకోవచ్చు. కానీ నడుస్తుంటే తుంటికి కొట్టుకుంటుంది, వంగినప్పుడల్లా ముందుకు జారుతుంది. స్లీపరు దగ్గర వంగి సుత్తి ఎత్తే క్షణంలో అది చేతికి అడ్డం పడటం ఎంతమాత్రం మంచిది కాదు. రెండు భుజాలకూ పట్టీలుండి, ఛాతీ దగ్గర అడ్డపట్టీ ఉన్న సంచి మేలు. ఆ అడ్డపట్టీ బకిలు ఒక్క చేత్తో, ఒక్క నొక్కుతో ఊడిరావాలి. కొనేటప్పుడు దుకాణంలోనే వేసుకుని ఊడదీసి చూడండి.

దీనికన్నా పెద్ద లోపం సంచిలో సర్దుకోవడంలో ఉంది. పట్టా విరిగింది కనబడితే మొదటి పని రిపేరు కాదు, లైనుకు కాపలా పెట్టడం, అంటే వచ్చే బండిని ఆపే ఏర్పాటు. బ్రాడ్‌గేజ్‌లో 600 మీటర్ల దగ్గర లైనుకు అడ్డంగా కట్టే బ్యానరు జెండా, 1200 మీటర్ల దగ్గర పదేసి మీటర్ల ఎడంతో మూడు డిటోనేటర్లు. కంకర పక్కన సెస్సు అనే మట్టిదారి మీద పరిగెత్తినా 1200 మీటర్లకు ఆరేడు నిమిషాలు పడుతుంది. పరిగెత్తాలంటే సంచి అక్కడే పారేయాలి. డిటోనేటర్ల డబ్బా సంచి అడుగున, క్లిప్పుల కింద ఉంటే అంతా బోర్లించి వెతుక్కోవాల్సిందే. కాబట్టి డబ్బా, జెండాలు, విజిలు నడుముకు కట్టే వేరే చిన్న సంచిలో ఉండాలి. కొత్తగా వస్తున్న సంచుల్లో ఈ రెండో సంచి ఉన్నది అరుదు. లేనివాళ్లు దర్జీ దగ్గర మందపాటి క్యాన్వాసుతో కుట్టించుకుంటే రెండు మూడు వందల్లో అయిపోయే పని.

డిటోనేటర్ల గురించి ఒక్క మాట. ప్రతి దాని మీదా తయారైన నెల, సంవత్సరం ముద్రించి ఉంటాయి. డబ్బా తీసుకునేటప్పుడే అది చూసుకోవాలి. పట్టా తల చుట్టూ మడిచే పట్టీ రెండు మూడుసార్లు వంగితే విరుగుతుంది, ఉత్తినే వంచి చూడొద్దు. తేమ వీటికి పడదు కాబట్టి డబ్బా మూత లోపల రబ్బరు రింగు ఉన్నదే తీసుకోవాలి. బండి ఎక్కినప్పుడు ముక్కలు ఎగురుతాయి, పెట్టినవాళ్లు దూరంగా జరగాలి.

జెండాల్లో నూలువి, సింథటిక్‌వి రెండు రకాలు. సింథటిక్ తడిస్తే త్వరగా ఆరుతుంది, గాలికి బాగా విప్పుకుంటుంది. నూలుది తడిస్తే కర్రకు చుట్టుకుపోతుంది. ఏ రకమైనా ఎండకు ఎరుపు వెలిసి నారింజకు దిగితే సాయంత్రం మసక వెలుతురులో లోకో పైలట్‌కు అది ఎర్ర జెండాలా ఆనదు. ఏడాదికోసారి కొత్త జెండా పక్కన పాతది పరిచి చూస్తే వెలిసిందో లేదో తెలిసిపోతుంది. జెండా చేతిలో లేకపోతే రెండు చేతులూ తలపైకి నిటారుగా ఎత్తడమే ఆపు సంకేతం. ఇది కొత్తగా చేరిన ట్రాక్‌మన్‌కు మొదటిరోజే నేర్పాలి.

ఇక సుత్తి. కిట్ మొత్తంలో ఎక్కువ పనిచేసేదీ, అందరూ తక్కువ పట్టించుకునేదీ ఇదే. తల సంగతి తర్వాత, ముందు పిడి చూడాలి. ఇనుప పైపు వెల్డింగు చేసిన పిడి విరగదు నిజమే, కానీ దెబ్బ అదురంతా మణికట్టుకు, మోచేతికి ఎక్కుతుంది. పైగా వెల్డింగు దగ్గర చీలిక వస్తే బయటికి కనబడదు, ఒకరోజు తల ఊడి ఎగురుతుంది. కర్ర పిడి అదురును తను తీసుకుంటుంది. దాని రోగం వేరు. మార్చి నుంచి జూన్ దాకా ఎండి, కంతలో వదులవుతుంది. చాలామంది రాత్రి నీళ్ల బకెట్లో పెట్టి ఉబ్బిస్తారు. పొద్దున గట్టిగా ఉంటుంది, మధ్యాహ్నానికి ఇంకా వదులైపోతుంది. సరైన పని, కంతలోకి దిగిన కర్రను చీల్చి ఇనుప చీల కొట్టడం. పిడి పొడుగు మరీ తక్కువైతే ప్రతి క్లిప్పుకూ నడుం వంచాలి. వంగినవాడికి ముందున్న స్లీపరు తప్ప ఏమీ కనబడదు. నిలబడి, తల కొంచెం దించి కొట్టగలిగేంత పొడుగుండాలి.

తల అంచులు చితికి బయటికి మడతపడితే వెంటనే గ్రైండింగు చేయించాలి. ఆ అంచు ముక్క రాలితే కంటికి తగులుతుంది. మామూలు కళ్లద్దం ఇక్కడ పనికిరాదు, పక్కలు కూడా మూసే ప్లాస్టిక్ రక్షణ కళ్లద్దాలు కావాలి. చెమటకు వీటికి ఆవిరి పట్టేస్తుందన్న మాట నిజమే. లోపలి వైపు ఆవిరి పట్టని పూత ఉన్నవి కొంచెం ఖరీదెక్కువ, అయినా తీసుకోవచ్చు.

సుత్తి ఎంత మంచిదైనా క్లిప్పు కొట్టే తీరు తప్పితే ఫలితం లేదు. మార్క్ త్రీ రకం క్లిప్పు సరిగ్గా కూర్చుంటే దాని ముక్కు పట్టా పాదాన్ని 850 నుంచి 1100 కిలోల బలంతో అదిమి పడుతుంది. నడిమి కాలు చివర ఇన్సర్టు (స్లీపరులో పోసిన ఇనుప కంత) అంచుతో సమంగా ఆగాలి. సమం దాటి లోపలికి కొట్టినా, సమం కాకముందే వదిలేసినా ముక్కు లైనరు మీద పక్కకు పడుతుంది, పట్టు తగ్గుతుంది. దెబ్బ మీద దెబ్బ కొట్టి "గట్టిగా కూర్చుంది" అని తృప్తిపడే అలవాటు వల్ల లోపలికి పోయిన క్లిప్పులే ఎక్కువ. కొట్టేటప్పుడు క్లిప్పు ఎగిరే దారిలో మోకాలు ఉండకూడదు. పక్కకు నిలబడి, మొదటి దెబ్బ మెల్లగా వేసి, కాలు కంతలోకి దిగిందని చూసుకుని, తర్వాతే బలం పెట్టాలి.

గూడూరు, ఒంగోలు, చీరాల, విశాఖ వైపు సముద్రపు గాలి తగిలే లైన్లలో క్లిప్పు తుప్పుతో ఇన్సర్టులో అతుక్కుపోతుంది. అక్కడ సుత్తితో బాదితే క్లిప్పు రాదు, సిమెంటు పగులుతుంది, స్లీపరే పోతుంది. క్లిప్పు తీసే బారును సంచిలో కాకపోయినా లైను మరమ్మతు జట్టు (గ్యాంగు) పెట్టెలో తప్పకుండా ఉంచాలి. అతుక్కున్నదానికి నూనె పోసి కాసేపు వదిలి, మెల్లమెల్లగా అటూ ఇటూ తట్టి బారుతో లాగాలి. తీశాక కంతను తీగ బ్రష్షుతో తోమి, క్లిప్పు కాలికి, కంత లోపలికి గ్రాఫైట్ గ్రీజు పూసి మళ్లీ కొట్టాలి. మామూలు బండి గ్రీజు పూస్తే మొదటి వానలకే కొట్టుకుపోతుంది. గ్రీజు డబ్బా మీద గ్రాఫైట్ అని ఉందో లేదో చూడకుండా పూయడం అంటే ఆ పని ఇంకోసారి చేయడానికి రాసిపెట్టుకోవడమే.

ఫిష్‌ప్లేటు స్పానరు గురించి చెప్పాల్సింది తక్కువ. నోరు వెడల్పై బోల్టు తల మూలలు అరిగిస్తుంటే అది పోయినట్టే, మార్చాలి. రింగు స్పానరు జారదు, మంచిదే, కానీ తుప్పు పొరలు పట్టిన నట్టు మీద కూర్చోదు. ఒక వైపు రింగు, ఒక వైపు తెరిచిన నోరు ఉన్నది ఒక్కటి చాలు.

టార్చి దగ్గర ఆగి మాట్లాడాలి. వానాకాలం రాత్రి గస్తీకి మూడు రంగుల ఎల్ఈడీ టార్చి ఇస్తారు: తెలుపు, ఎరుపు, ఆకుపచ్చ. వెలుగు దూరం గురించి ప్రచారం చేసేవి చాలా ఉన్నాయి. అసలు చూడాల్సింది స్విచ్చి. కొన్నింట్లో ఒకే బటను నొక్కుతూ పోతే తెలుపు, ఆకుపచ్చ, ఎరుపు వరసగా వస్తాయి. అంటే ఎరుపు కోసం ఆకుపచ్చను దాటాలి. కంగారులో చెయ్యి మధ్యలో ఆగితే ఆపాల్సిన బండికి పొమ్మని చూపించినట్టవుతుంది. ఎరుపుకు విడిగా ఒక బటను, అదీ తడి చేత్తో, చీకట్లో తడిమితే తెలిసేలా ఎత్తుగా ఉండాలి. అలా లేని టార్చి 500 మీటర్లు పడినా తీసుకోవద్దు.

రెండోది బ్యాటరీ. ఛార్జింగ్ పిన్ను దగ్గర రబ్బరు మూత ఊడిపోయి దుమ్ము, తేమ చేరడమే వీటిలో ఎక్కువగా వచ్చే రోగం. మూత ఊడితే సైకిలు ట్యూబు ముక్క చుట్టి పెట్టుకోవచ్చు. కొత్తలో రాత్రంతా వచ్చిన బ్యాటరీ రెండో వానాకాలానికి సగం రాత్రికే మసకబారుతుంది. మసకబారిన తెలుపుతో కంకర కింద నీళ్లు చేసిన గుంత కనబడదు. గస్తీ మొదలయ్యే ముందు పూర్తిగా ఛార్జి చేసి, తెలుపు వెలిగించి వదిలేసి, ఎన్ని గంటలకు తగ్గిందో గడియారం పెట్టి చూడాలి. ఆ లెక్క గస్తీ చార్టులో ఉన్న గంటలకన్నా తక్కువైతే టార్చి మార్చమని రాసివ్వాలి.

ఇదంతా ఎందుకంటే మన లైన్లు చాలా చోట్ల చెరువు కట్టల దిగువ నుంచి పోతాయి. 2005 అక్టోబరు 29న వలిగొండ దగ్గర వరదకు చిన్న వంతెన కొట్టుకుపోయి డెల్టా ప్యాసింజరు పడిపోయింది, వందమందికి పైగా పోయారు. 2024 సెప్టెంబరు 1న కేసముద్రం–ఇంటికన్నె మధ్య కంకర, మట్టికట్ట కొట్టుకుపోయి పట్టాలు గాల్లో వేలాడాయి. గస్తీవాడు ఇలాంటివి చూడాల్సింది పగలు కాదు, వాన కురిసే రాత్రే.

అందుకే రెయిన్‌కోటు కిట్‌లో అన్నిటికన్నా అనుమానంగా చూడాల్సిన వస్తువు. వానకు టోపీ లాగి తాడు బిగిస్తే చెవులు మూసుకుపోతాయి. టోపీ మీద చినుకుల చప్పుడు తప్ప ఇంకేమీ వినపడదు. తల తిప్పితే టోపీ తిరగదు, పక్కచూపు కూడా పోతుంది. మన వైపు ముసలి గొర్లకాపరులు గొంగడి కప్పుకున్నా చెవి బయటే ఉంచుకుంటారు. కోటు కొనేవాళ్లు, కొనిపించేవాళ్లు ఆ మాత్రం చూడరు. టోపీ ఊడదీయడానికి బటన్లున్న కోటు తీసుకుని, టోపీ తీసేసి, అంచు వెడల్పుగా ఉన్న వాన టోపీ పెట్టుకోవడం మేలు. మెడలోకి కాసిని నీళ్లు దిగుతాయి, దానికి తువ్వాలు చుట్టుకుంటే సరి.

పోంచో అసలు వద్దు. బండి పక్కన పోయేటప్పుడు లేచే గాలికి అది పైకి లేచి ముఖం మీద పడుతుంది. వంగితే ముందు అంచు కాళ్ల కింద చిక్కుతుంది. కోటు–ప్యాంటు జత, మోకాలి కింద దాకా పోని కోటు, చేతి దగ్గర వెల్క్రో ఉన్నది తీసుకోవాలి. రంగు ఎరుపూ ఆకుపచ్చా కాకూడదు, దూరం నుంచి సిగ్నలుతో కలగలిసిపోయే రంగు లైను మీద ఒంటిన ఉండకూడదు. నారింజ లేదా మెరిసే పసుపు, మెరుపు పట్టీలు కోటు మీదే కుట్టినవి. విడిగా మెరుపు జాకెట్ అయితే ఐఎస్ (భారతీయ ప్రమాణం) 15809 ముద్ర చూడాలి. మెరుపు పట్టీని బట్టల బ్రష్షుతో రుద్దితే కొన్నాళ్లకే మెరుపు పోతుంది. నానబెట్టి పిండకుండా ఆరేయాలి. రాత్రి ఫోను లైటు కొట్టి చూస్తే ఇంకా మెరుస్తోందో లేదో తెలుస్తుంది.

బూట్లు. కంకర మీద నడక అంటే చీలమండ ప్రతి అడుగుకీ పక్కకు మడతపడబోవడమే. చీలమండ దాటి పైకి వచ్చే బూటు తప్పనిసరి. ఐఎస్ 15298 ముద్ర, ముందు ఇనుప టోపీ ఉంటే పట్టా కానీ స్లీపరు కానీ జారి పడినా వేళ్లు దక్కుతాయి. ఎండాకాలం మాత్రం ఆ ఇనుప టోపీ వేడెక్కుతుంది. మే నెలలో మన దగ్గర పట్టా వేడి 60 డిగ్రీలు దాటే రోజులుంటాయి, బూటు ఆ వేడిలోనే ఉంటుంది. ఇనుము బదులు ఫైబరు టోపీ ఉన్నవి తేలిక, వేడీ తక్కువ. ఖరీదు ఎక్కువైనా అవే తీసుకోండి.

అడుగు సంగతి ఇంకా ముఖ్యం. పీయూ (పాలీయురెథేన్) అడుగు మెత్తగా, తేలిగ్గా ఉంటుంది, వేసుకున్న రోజు చాలా హాయి. కానీ తేమకు అది లోపల్లోపలే చివికిపోతుంది. గోదాములో కొన్నేళ్లు పడి ఉన్న జత కొత్తదిలాగే కనబడుతుంది, వేసుకున్న వారంలోనే అడుగు పొడిపొడిగా రాలుతుంది. వాడకపోయినా పాడయ్యే సరుకు ఇది. అందుకే పెట్టె మీద, నాలుక లోపల తయారీ నెల చూడాలి. నైట్రైల్ రబ్బరు అడుగు బరువు, గట్టిది, కానీ వేడికి, నూనెకి, కంకర మొనలకి ఆగుతుంది. జిగురుతో మాత్రమే అంటించిన అడుగు ఎండకు ముందు నుంచి నోరు తెరుస్తుంది. తెరిచిన అడుగు క్లిప్పుకు తగులుకుని బోర్లా పడేస్తుంది, అది పట్టాల మధ్య జరిగితే ఎలా ఉంటుందో వేరే చెప్పక్కర్లేదు. చుట్టూ కుట్టు ఉన్నది లేదా అచ్చుపోసి అతికించింది తీసుకోవాలి. లేసులు పొడుగ్గా వేలాడితే అవీ క్లిప్పులకే తగులుకుంటాయి, కొసలు లోపలికి దోపాలి. సైజు సాయంత్రం పూట, మందపాటి సాక్సు వేసుకుని చూడండి. పొద్దున సరిపోయినది పది కిలోమీటర్లు నడిచాక బిగుస్తుంది.

హెల్మెట్ ఐఎస్ 2925ది, గడ్డం పట్టీ ఉన్నది. అంతకన్నా చెప్పేదేం లేదు, గడ్డం పట్టీ వేసుకోకపోతే బండి గాలికి ఎగిరి లైను మీద పడుతుంది, దాన్ని తీయడానికి ఎవడో ఒకడు వెనక్కి పరిగెడతాడు.

జీపీఎస్ ట్రాకర్ మీద గ్యాంగుల్లో మంచీ చెడూ రెండూ వినబడతాయి. బీటు నడిచినట్టు రుజువు అదే చూపిస్తుంది, అత్యవసరంలో ఒక బటను నొక్కితే సెక్షను ఆఫీసుకు తెలుస్తుంది. గస్తీవాళ్లు పక్క బీటువాడితో పుస్తకం మార్చుకుని సంతకాలు పెట్టుకునే పద్ధతికి ఇది మంచి తోడు. లోతైన కోతల్లో, అరకు వైపు కేకే (కొత్తవలస–కిరండూల్) లైను సొరంగాల్లో సిగ్నలు అందదు. అక్కడ ఆఫీసు తెర మీద చుక్క ఆగిపోయి కనబడితే మనిషి కూర్చున్నాడని కాదు, ఆఫీసులో చూసేవాళ్లు దాన్ని అర్థం చేసుకోవాలి. అసలు ఇబ్బంది ట్రాకరుకు వచ్చే ఫోను కాలు. మోగగానే నడుస్తూనే ఎత్తడం అలవాటైపోతోంది. ముందు సెస్సు దాటి దిగి, నిలబడి, అప్పుడు ఎత్తాలి. ఇయర్‌ఫోను అయితే చెవికి పెట్టనే కూడదు, రెండోమాట లేదు.

రక్షక్ అనే వీహెచ్ఎఫ్ పరికరం కొన్ని సెక్షన్లలో వాడకంలో ఉంది. బండి వస్తోందని రేడియో ద్వారా అందుకుని నడుము దగ్గరో చేతికో కట్టుకున్న పరికరం మోగి, అదిరి, వెలుగుతుంది. ఆలోచన చాలా మంచిది, ముఖ్యంగా అదరడం. రొదలో పనిచేసేవాడికి చెవి కన్నా ఒళ్లు ముందు తెలుసుకుంటుంది. మోగగానే ఏ లైను అని లెక్కలేసుకోకుండా రెండు లైన్లూ వదిలి దిగాలి. మోగలేదు కదా అని బండి వస్తోందేమో చూసి హెచ్చరించే లుకౌట్ మనిషిని పనిలో పెట్టుకోవడం మాత్రం పెద్ద తప్పు. బ్యాటరీ అయిపోయిన పరికరం కూడా మోగదు. దానికీ రోజూ పొద్దున పరీక్ష బటను నొక్కి చూసుకోవాలి.

ఇప్పుడు గ్యాంగు సామానులో అన్నిటికన్నా చప్పుడు చేసేది, స్లీపర్ల కింద కంకరను గట్టిపరిచే చేతి ట్యాంపరు. పెట్రోలు ఇంజనుతో, ఇద్దరు మోయగలిగే బరువుతో, కింద కంకరలోకి దిగే ఉలి లాంటి బ్లేడుతో ఉంటుంది. కంకరను బాది దూర్చే పాత బీటరుతో పోలిస్తే దీని పని నాణ్యత ఎక్కువ. బీటరు దెబ్బ గురి తప్పితే సిమెంటు స్లీపరు అంచు పగులుతుంది, కంకర మూలలు అరిగి గుండ్రమవుతాయి. గుండ్రని రాయి రాయిని పట్టుకోదు, నాలుగు బండ్లకే మళ్లీ కుంగుతుంది. ట్యాంపరు కంకరను అదిరిస్తూ స్లీపరు కిందికి తోస్తుంది, రాయి చెడదు.

మంచి ఫలితం కావాలంటే వరస తప్పకూడదు. పట్టా వెంట దూరంగా కూర్చుని కంటిచూపుతో కుంగిన స్లీపర్లు గుర్తుపట్టి సుద్దతో గీయాలి. పట్టాల ఎడం, ఎత్తు కొలిచే గేజ్ కమ్ లెవెల్ పెట్టి రెండు పట్టాల ఎత్తు తేడా రాసుకోవాలి. క్లిప్పులు, రబ్బరు ప్యాడ్లు ముందే సరిచేయాలి, లేకపోతే ప్యాకింగు (కంకర గట్టిపరచడం) ఎంత బాగా చేసినా పట్టా ఆడుతూనే ఉంటుంది. జాకీతో కావాల్సినంత లేపి, పట్టా కూర్చునే చోట కంకర తీసి, ట్యాంపర్లు జతగా, స్లీపరుకు అటొకటి ఇటొకటి ఎదురెదురుగా దించాలి. ఒక్కటే పెట్టి కొడితే కంకర అవతలి వైపు నుంచి బయటికి పోతుంది. పట్టా కిందా, దానికి రెండు వైపులా గట్టిగా పడాలి, స్లీపరు నడుమ మాత్రం గట్టిగా ప్యాక్ చేయకూడదు. నడుమ ఆనుకుని చివరలు వేలాడితే స్లీపరు మధ్యలో చీలుతుంది.

జాకీలో పట్టాకు అడ్డంరాని రకం తీసుకుంటే బండి వచ్చినా తీయకుండా పక్కకు దిగొచ్చు. పాత రకం జాకీ అయితే బండి వచ్చేలోపు తీసేయాలి. 14 సెకన్ల లెక్క ఇక్కడ గుర్తు పెట్టుకోవాలి.

పొడుగు వెల్డింగు లైన్లో ఇంకో షరతు ఉంది. పట్టా వేడి డీస్ట్రెస్సింగ్ వేడి (పట్టాను ఒత్తిడి లేకుండా బిగించిన వేడి) కన్నా 10 డిగ్రీలకు మించి ఉంటే ఈ పని ముట్టుకోకూడదు. ఒక్క వరసలో ఎక్కువ స్లీపర్ల నడుమ కంకర తెరవొద్దు, పక్కన కొన్ని కప్పే ఉండాలి. ఎండాకాలం ట్యాంపరు పని తెల్లవారుజామునే పెట్టుకోవడానికి కారణం మనుషుల సౌకర్యం ఒక్కటే కాదు. తెరిచిన కంకర పట్టాను పక్కల నుంచి పట్టలేదు, మధ్యాహ్నం వేడికి పట్టా పక్కకు వంకర తిరుగుతుంది.

యంత్రం లోపాలు ఎక్కువగా ఇంధనం దగ్గరే మొదలవుతాయి. టూ స్ట్రోక్ ఇంజన్లకు పెట్రోలులో నూనె ఎంత కలపాలో యంత్రం మీదే రాసి ఉంటుంది. అంచనాగా పోసేవాళ్ల చేతిలో నూనె తక్కువై పిస్టన్ పట్టేస్తుంది, ఎక్కువై ప్లగ్గు నల్లబడి స్టార్టు కాదు. కొలపాత్ర కొని డబ్బాకు తాడుతో కట్టేయడం చవకైన వైద్యం. కంకర దుమ్ముకు ఎయిర్ ఫిల్టరు రోజూ మూసుకుపోతుంది, రోజూ దులపాలి. బ్లేడు కొస అరిగి సన్నబడితే కంకరను తోయదు, గుచ్చుతుంది అంతే. పని ఆలస్యమవుతోందని ఇంజను మీద నెపం వేసే ముందు కొస చూడాలి.

చేతులకు దీని అదురు మంచిది కాదు. గంటల తరబడి ఒక్కరే పట్టుకుంటే వేళ్లు మొద్దుబారతాయి, చలికాలం తెల్లగా పాలిపోతాయి. పిడి దగ్గర రబ్బరు దిమ్మలు అరిగిపోతే అదురు ఇంకా పెరుగుతుంది, వాటిని విడిభాగాల జాబితాలో ముందు పెట్టాలి. మనుషులను మార్చుతూ పని చేయించడం గ్యాంగు పెద్ద అయిన మేటు బాధ్యత. ఇంజను ఆడుతుంటే పక్కవాడి కేక కూడా వినపడదు కాబట్టి లుకౌట్ మనిషి ట్యాంపరుకు దూరంగా, బండి వచ్చే వైపు చూపు ఆనే చోట నిలబడాలి. వాళ్లకు విజిలు చాలదు, హారను కావాలి. వంపుల్లో ఒక్కరు సరిపోరు, ఇద్దరు కావాలి. ఆ ఇద్దరికీ మనుషులను కేటాయించలేని రోజున ట్యాంపరు బయటికి తీయకపోవడమే సరైన వాడకం.

డబ్బు సంగతి. ఏడో వేతన సంఘం తర్వాత ట్రాక్‌మన్లకు ఏటా వచ్చే డ్రెస్ అలవెన్సు 5,000 రూపాయలతో మొదలైంది. అందులో మొదటి వాటా బూట్లకు పోవాలి, రెండోది టోపీ ఊడే రెయిన్‌కోటుకు. టార్చి, జెండాలు, డిటోనేటర్లు ఇచ్చేవే వాడాలి, సొంతంగా కొని తెచ్చిన టార్చితో సిగ్నలు చూపడం సరికాదు. బాగా లేకపోతే మార్చమని రాసివ్వాలి, రాసిన కాగితం నకలు దగ్గర పెట్టుకోవాలి. సికింద్రాబాదు రాణిగంజ్ వైపు వెళ్లేవాళ్లు బూట్లు చేత్తో పట్టుకుని, అడుగును మధ్యకు వంచి, కుట్టు దగ్గర గీత తెరుచుకుంటుందేమో చూసి, పెట్టె మీద నెల చదివి, బిల్లు తీసుకుని రండి.